అప్పు తీరాకే పాలు పొంగిద్దాం

ఇంటి లోను లేని మనిషిని చూస్తే నాకు జాలి. నిజంగా! ప్రతి నెలా ఐదో తారీఖున అతన్ని తలుచుకునే వాళ్ళు ఈ లోకంలో ఎవరున్నారు చెప్పండి? అతని ఖాతాలో డబ్బు ఉందో లేదో కన్నతల్లి కూడా బ్యాంకంత శ్రద్ధగా కనిపెట్టుకుని ఉండదు.

నేను బళ్ళో పిల్లలకు సాంఘికశాస్త్రం చెప్పే టీచర్ని. మాట తూచి వాడటం అలవాటు. తూచే అంటున్నాను: మనుషులు కనిపెట్టిన వాటిలో చక్రం తరవాత అంత గొప్పది ఇంటి లోనే. చక్రం కన్నా ఒక మెట్టు పైదేమో కూడా! చక్రమైతే ఎక్కడో ఒకచోట ఆగుతుంది.

ముందు ఆయుష్షు సంగతి చూడండి. జాతకాలు చెప్పే ఆయన గండాలున్నాయంటూ నసుగుతాడు. డాక్టరు ఉప్పు తగ్గించమంటాడే తప్ప, తగ్గిస్తే ఎన్నాళ్ళు బతుకుతామో చెప్పమంటే ఫ్యాను వైపు చూస్తాడు. బ్యాంకు అలా కాదు. మన ముఖమైనా సరిగా చూడకుండా, 'ఈయన పదిహేనేళ్ళూ బతికే ఉంటాడు, ఉద్యోగం చేస్తూనే ఉంటాడు, జీతం వస్తూనే ఉంటుంది' అని నమ్మి లక్షలు చేతిలో పెడుతుంది. కట్టుకున్న భార్యకైనా అంత నమ్మకం ఉంటుందా?

నాకుండేది. కానీ నన్నెవరూ కాగితం మీద రాసిమ్మనలేదు.

ఇక దాంపత్యం. మా పెళ్ళిలో మాతో ఏడడుగులే వేయించారు. లోను కాగితాల మీద మా ఇద్దరి చేతా పెట్టించిన సంతకాలకు అంతు లేదు. పెళ్ళిలో అరుంధతి కనిపించిందా అంటే కనిపించిందన్నాం. బ్యాంకులో షరతులన్నీ చదివారా అంటే చదివామన్నాం. కనిపించని నక్షత్రానికీ, కనిపించని అక్షరాలకూ ఒకే విధేయతతో తలూపే జంటను విడదీయడం ఎవరి తరం?

మా ఆయన పేరు పార్థసారథి. ఉక్కు ఫ్యాక్టరీ ప్లేట్ మిల్లులో మేనేజరు. పుట్టిందీ పెరిగిందీ భిలాయిలోనే.

భిలాయిలో ఫ్యాక్టరీ ఉద్యోగి సొంత ఇల్లు కొనడం అంటే ఏమిటో బయటి పాఠకులకు కాస్త చెప్పాలి. ఉండటానికి కంపెనీ క్వార్టరు ఉంటుంది. ముందు మామిడిచెట్టు, వెనక కరివేపాకు, అద్దె పేరుకి మాత్రమే. ఆ క్వార్టరులో ఉంటూనే స్మృతి నగర్‌లోనో మరో చోటో ఒక ఫ్లాటు కొంటాం. దానికి తాళం వేస్తాం. ఆ తాళానికి నెలనెలా వాయిదా కడతాం. ఉన్న ఇంటికి అద్దె లేదు, ఉండని ఇంటికి వాయిదా! ఇంత వైరాగ్యం హిమాలయాల్లో మాత్రం దొరుకుతుందా?

అందరూ రిటైరయ్యేదాకా ఇలాగే చేస్తారు. కొందరు అద్దెకిస్తారు. మా ఆయన అదీ ఒప్పుకోలేదు. అద్దెకున్నవాళ్ళు ముందుగా పాలు పొంగించేస్తే ఎలా అని ఆయన బెంగ. ఎందుకంటే ఆయనకు చిన్నప్పటినుంచీ ఒక నియమం ఉంది: అప్పున్న ఇంట్లో పాలు పొంగించకూడదు.

ఆ మాట మా మావగారు పరంధామయ్య గారిది. ఆయన ఫ్యాక్టరీ మొదలైన కొత్తలో శ్రీకాకుళం నుంచి రైలెక్కి వచ్చి, బ్లాస్ట్ ఫర్నేసులో పనికి కుదిరిన మనిషి. తన బావమరిది భుజంగరావు గారి గృహప్రవేశంలో, పదిమందిలో, ఆ మాట గట్టిగా అన్నారట. పక్కన నిక్కరేసుకుని నిలబడ్డ కొడుకు విన్నాడు. పిల్లలు మనం చెప్పిన పాఠాలు మరిచిపోతారు గానీ, మనం విసిరిన మాటలు మాత్రం మరిచిపోరు.

"అప్పు తీరనీ మణిమాలా, అప్పు తీరాకే పాలు పొంగిద్దాం. ఆ రోజు ఆ గుమ్మం మన సొంతం. ఎవడికీ భయపడక్కర్లేదు" అనేవారు మా ఆయన.

నాకు ఆ ఇంట్లో కాపురం చెయ్యాలని ఉండేది. వ్యాసం చదువుతూ ఇందులో ఈవిడకు కావలసిందేమిటని ఎవరైనా అడిగితే, అంతే, అదొక్కటే. ఆయనకు నాకన్నా ఎక్కువ ఉండేది. వంటగట్టు నా మోచేతికి సరిపోయే ఎత్తులో ఉండాలని టేపు పట్టుకుని కొలిచి, కట్టిందాన్ని పగలగొట్టించి మళ్ళీ కట్టించారు. మా అమ్మాయి బిందుప్రియ గదికి గులాబీ రంగు వేయించి, గోడ మీద చేపల బొమ్మలు గీయించారు. అప్పుడు దానికి ఎనిమిదేళ్ళు.

"నాన్నా, హమ్ కబ్ షిఫ్ట్ హోంగే?" అని, కొత్తింటికి ఎప్పుడు మారతామని అడిగేది. ఇక్కడ పుట్టిన పిల్ల, కోపం వస్తే హిందీ, ముద్దొస్తే తెలుగు.

"లోను తీరగానే తల్లీ."

ఎనిమిదేళ్ళప్పుడు అడిగింది. పదోతరగతిలో అడిగింది. రాయ్‌పూర్‌లో ఉద్యోగంలో చేరాక కూడా అడిగింది. చేపలు మాత్రం గోడ మీద ఎదగకుండా అలాగే ఉన్నాయి. ఓర్పు నేర్పే విద్య ఇంతకన్నా ఏ పాఠశాలలో దొరుకుతుంది?

ఆదివారాలు ఫ్లాటుకి వెళ్ళేవాళ్ళం. చీపురు, బకెట్టు, గుడ్డలు స్కూటరు ముందు పెట్టుకుని. వాడని ఇల్లు పాడైపోతుందని ఆయన నమ్మకం. కుళాయిలన్నీ తిప్పేవారు. లైట్లన్నీ వేసేవారు. ఫ్యాన్లు తిప్పి, ఫ్లష్‌లు లాగి, తలుపులు తీసి మూసి, ఇంటి చేత వ్యాయామం చేయించేవారు. నేను ఊడ్చి తుడిచేదాన్ని. తరవాత ఇద్దరం బయటికొచ్చి తాళం వేసి, మెట్ల మీద కూర్చుని పులిహోర తినేవాళ్ళం. పాలు పొంగని ఇంట్లో ఎంగిలి పడకూడదు కదా!

ఒకసారి ఎదురు ఫ్లాటులోకి కొత్తగా వచ్చిన అమ్మాయి మమ్మల్ని చూసింది. పేరు శ్రుతి. చీపురూ బకెట్టూ చూసి, మా ఆయన్ని మర్యాదగానే అడిగింది.

"భయ్యా, దో రూమ్ కీ సఫాయీ కా కిత్‌నా లేతే హో?"

గదులు తుడిచే కూలి అడిగేసరికి ఆయన పులిహోర డబ్బా పక్కన పెట్టి నిటారుగా కూర్చున్నారు. ప్లేట్ మిల్లులో మేనేజర్నని హిందీలోనే చెప్పారు.

"అచ్ఛా! ఔర్ సండే కో యే భీ కర్తే హో?" అంది ఆ అమ్మాయి, ఆదివారాలు ఈ పని కూడా చేస్తున్నందుకు మెచ్చుకుంటూ.

నేను కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, ఇది మా ఇల్లేనమ్మా అన్నాను తెలుగులో. ఆ అమ్మాయి నాలిక కరుచుకుంది.

"అయ్యో, మీరూ మనవాళ్ళేనా ఆంటీ! సారీ. మీ ఇల్లే అయితే మెట్ల మీద తింటున్నారేటి?"

"లోను ఉందమ్మా" అన్నారు మా ఆయన గంభీరంగా.

"లోను మాకూ ఉందంకుల్. మేం సోఫాలో తింటున్నాం."

స్కూటరు మీద క్వార్టరు చేరాక, "ఈ కాలం పిల్లలకి నియమం లేదు మణిమాలా" అన్నారు. ఆ రాత్రి భోజనం దగ్గర తనలో తనే నవ్వుకుని, "రెండు గదులకి ఎంత చెప్పాల్సింది?" అన్నారు.

ఇక వడ్డీ మహిమ గురించి చెప్పకపోతే పాపం చుట్టుకుంటుంది. మనం కట్టే వాయిదాలో కొంత వడ్డీకి, కొంత అసలుకి పోతుంది. సమానంగా అనుకుంటున్నారా? ఎంత అమాయకులండీ! కొండ మీద దర్శనం ఎలా ఉంటుందో తెలుసుగా. తొలి ఏళ్ళలో వడ్డీగారికి వీఐపీ ప్రవేశం. దర్జాగా ముందే లోపలికి వెళ్ళి, హారతి కళ్ళకద్దుకుని, లడ్డూలు సంచీలో వేసుకుంటారు. అసలు మాత్రం ధర్మదర్శనం క్యూలో నిలబడి ఉంటుంది. గేటు తీసినప్పుడల్లా ఒక్క అడుగు కదులుతుంది. పదేళ్ళు కట్టాక క్యూ ఎంత తగ్గిందో చూసుకుంటే, మనం ఇంకా చెప్పులు విప్పే చోటే ఉంటాం!

దీనికి మనవాళ్ళు ఇంకో సంతోషం కూడా కనిపెట్టారు. వడ్డీ కడితే పన్ను తగ్గుతుంది. మూడు రూపాయలు పన్ను తప్పించుకోవడానికి పది రూపాయలు వడ్డీ కట్టి, మిఠాయి పంచుకునే తెలివి మా సెక్టారులో ఇంటింటా ఉంది.

వీటన్నిటికీ మించిన వరం ఇంకొకటుంది. మా ఆయన గర్వపడింది దానికే.

వడ్డీ రేట్లు పెరిగిన కాలం అది. ఆయన స్నేహితుడు లక్ష్మీప్రసాద్ గారు ఒక సాయంత్రం మా వరండాలోకి చెప్పులు విడవకుండానే వచ్చేశారు. ఆయనా ఫ్లాటు కొన్నవారే.

"నా ఈఎమ్ఐ పెంచీసేరురా పార్థూ! లూట్ మచా రఖా హై! ఇలాగైతే పిల్లలకేటి పెట్టాలి?"

"మాకు ఒక్క రూపాయి పెరగనేదు" అన్నారు మా ఆయన, టీ ఊదుకుంటూ.

"నీకెందుకు పెరగనేదు? నువ్వేమన్నా బ్యాంకుకి అల్లుడివా?"

"రికార్డురా. రికార్డు చూస్తారు. మనది ఒక్క వాయిదా తప్పనేదు. మంచోణ్ణి వాళ్ళెందుకు ఇబ్బంది పెడతారు?"

లక్ష్మీప్రసాద్ గారు అసూయతో బిస్కెట్టు కొరికారు. మా ఆయన ఇంకో రెండు ప్లేట్లో పెట్టించారు, విజేతల ఔదార్యం కొద్దీ.

తరవాత ఇంకోసారి రేట్లు పెరిగాయి. మా ఈఎమ్ఐ మళ్ళీ పెరగలేదు! ఇంకోసారీ అంతే. ఊళ్ళో అందరి నెత్తినా వాన కురుస్తుంటే మా ఒక్కళ్ళకే గొడుగు పట్టినట్టు. బ్యాంకు నుంచి ఫోనుకు ఏవేవో సందేశాలు వచ్చేవి. పండగ శుభాకాంక్షలు, కొత్త కార్డు, కారు లోను, ఇంకా ఏదో చిన్న అక్షరాల్లో. ఆయన అన్నిటినీ భక్తిగా తెరిచి, అంతే భక్తిగా తీసేసేవారు.

పదిహేనేళ్ళు పూర్తయ్యాయి. ఆయనకు రిటైర్మెంటు ఇంకా రెండేళ్ళుంది. పంతులుగారి చేత ముహూర్తం పెట్టించారు. నాకు చీర, బిందుప్రియకు చీర, తనకు పంచె కొన్నారు. సుపేలా బజారులో కిలో కాజూ బర్ఫీ కట్టించుకుని, ఇస్త్రీ చొక్కా వేసుకుని, ఇంటి పత్రాలు తెచ్చుకోవడానికి బ్యాంకుకి బయల్దేరారు. నన్నూ రమ్మన్నారు.

లోనుల దగ్గర కూర్చునే అబ్బాయి రవిశంకర్. ఇక్కడే పుట్టి పెరిగిన తెలుగువాడే. మా ఆయన డబ్బా మూత తీసి, "తీసుకో బాబూ. ఇవాళ్టితో మీకూ మాకూ రుణం తీరింది" అన్నారు.

రవిశంకర్ ఒక ముక్క నోట్లో వేసుకుని కంప్యూటరు చూశాడు. నమలడం ఆపాడు.

"అంకుల్, ఇంకా ఆరేళ్ళుంది."

"ఏటి ఆరేళ్ళు?"

"లోను అంకుల్. ఛే సాల్ బాకీ హై."

"లేదు బాబూ, వేరే ఎవరిదో చూస్తున్నావ్. పార్థసారథి. ప్లేట్ మిల్లు. ఈఎమ్ఐ ఒక్కసారి కూడా పెరగలేదు, కావాలంటే చూడు."

"అందుకే కదంకుల్" అన్నాడు రవిశంకర్, జాలిగానే. "రేటు పెరిగితే రెండే దారులు. ఈఎమ్ఐ పెరగాలి, లేకపోతే టెన్యూర్, అంటే కట్టాల్సిన ఏళ్ళు, పెరగాలి. మీది టెన్యూర్ పెరిగింది. మూడుసార్లు. మెసేజ్ వచ్చుంటుంది చూడండి."

అప్పటికి లక్ష్మీప్రసాద్ గారి అప్పు తీరి, ఆయన సొంత ఇంట్లో కాళ్ళు చాపుకుని టీవీ చూస్తున్నారు.

రవిశంకర్ లెక్క చూపించాడు. ఈ ఆరేళ్ళూ కూడా కడితే, మొత్తం మీద మేం కట్టేది రెండు ఫ్లాట్ల ధరకు పైమాటే. అంటే ఒకటి మాకు, ఒకటి బ్యాంకుకి కొన్నామన్నమాట. బ్యాంకు మాత్రం తన ఫ్లాటు తుడుచుకోవడానికి ఆదివారాలు రావక్కర్లేదు.

"టాప్ అప్ కింద ఇంకో లోను ఏమైనా కావాలా అంకుల్? మీ రికార్డు చాలా బావుంది" అన్నాడు చివరికి.

మా ఆయన బర్ఫీ డబ్బా అక్కడే వదిలేసి వచ్చారు. దారిలో స్కూటరు ఆపి కొబ్బరిబొండాం తాగుదామన్నారు. తాగుతూ అన్నారు: "మణిమాలా, శుభవార్త. బ్యాంకువాళ్ళు నాకు ఇంకో ఆరేళ్ళు ఆయుష్షు పోశారు."

ఈ వ్యాసంలోని పాండిత్యమంతా అక్కడినుంచే వచ్చింది. ఆ మాట ఆయనది. నేను వివరిస్తున్నానంతే.

ఆ రోజే నేను అడిగాను. "వెళ్ళిపోదామండీ. అప్పుతోటే వెళ్ళిపోదాం. శ్రుతి వాళ్ళు లేరూ?"

ఆయన బొండాం పక్కన పెట్టారు.

"నాన్న మాట ఉంది కదా" అన్నారు. "ఇన్నేళ్ళు ఆగి, ఇప్పుడు తప్పితే ఆగినదంతా దండగైపోతుంది."

నేను బళ్ళో పాఠం చెప్పే దేశ చరిత్రలో ఎన్నో యుద్ధాలు ఈ ఒక్క వాక్యం మీద నడిచాయి. ఇప్పటిదాకా పోయింది కాబట్టి ఇంకా పోగొట్టుకుందాం! ఆ వాక్యానికి ఎదురు చెప్పడం రాజులకే చేతకాలేదు.

ఆ తరవాత వచ్చిన చలికాలంలో ఒక ఉదయం ఆయన గుండె ఆగింది. దీని గురించి ఇంతకన్నా రాయను.

మళ్ళీ లోను గొప్పతనానికి వద్దాం. లోనుతో పాటు ఇన్సూరెన్సు కూడా అంటగడతారని చాలామంది సణుగుతారు. తప్పు! మనిషి పోతే మిగిలిన అప్పు వాళ్ళే కట్టుకుంటారు. ఎంత ధర్మం! నేనూ ఆ కాగితం పట్టుకుని రవిశంకర్ దగ్గరికి వెళ్ళాను. అతను దాన్ని రెండుసార్లు చదివాడు. ఈసారి ముఖం దించుకున్నాడు.

"ఆంటీ, ఇది పదిహేనేళ్ళకే తీసుకున్నారు. లోను పెరిగింది గానీ, ఇది పెరగలేదు."

చూశారా క్రమశిక్షణ! అప్పు ఆరేళ్ళు ఆలస్యం. ఇన్సూరెన్సు మాత్రం గడువు రోజుకి ఠంచనుగా కన్నుమూసింది. మా సంసారంలో సమయపాలన పాటించింది అదొక్కటే.

ఆయన తాలూకు డబ్బులు వచ్చాక కొంత తీసుకెళ్ళి అప్పుకి కట్టాను. రవిశంకర్ సంతోషించి, "ఈఎమ్ఐ తగ్గించేయమంటారా ఆంటీ? అందరూ అదే అడుగుతారు" అన్నాడు.

"వద్దు బాబూ. వాయిదా అంతే ఉంచు. ఏళ్ళు తగ్గించు" అన్నాను. "నాకు వాయిదాతో పేచీ లేదు. ఏళ్ళతోనే."

ఉద్యోగి లేని క్వార్టరు ఖాళీ చెయ్యాలి. నియమం కదా. అలా అప్పుండగానే, మంచిరోజు చూడకుండా, బిందుప్రియా నేనూ సామాను వేసుకుని స్మృతి నగర్ ఇంటికి చేరాం. ఏడాది తిరిగేదాకా శుభకార్యం కూడదన్నారు పెద్దలు. సరే అన్నాను. పొద్దున్నే టీకి పాలు పెట్టుకునేటప్పుడు పొయ్యి దగ్గరే నిలబడేదాన్ని. పొంగు అంచుదాకా రాగానే దించేసేదాన్ని. ఆయన నియమం ఆయనది. అప్పు ఇంకా ఉంది కదా.

మావగారు దుర్గ్‌లో మా ఆడపడుచు భాగ్యరేఖ ఇంట్లో ఉంటారు. స్మృతి నగర్‌కి ఆటోలో వచ్చేంత దూరం. అయినా ఈ ఇంటికి ఒక్కసారీ రాలేదు. ఒక ఆదివారం భాగ్యరేఖ ఆయన్ని వెంటబెట్టుకుని వచ్చింది. ఎనభై ఆరేళ్ళ మనిషి, గుమ్మం బయటే చేతికర్ర ఆనించుకుని నిలబడిపోయారు.

"లోపలికి రండి మావయ్యగారూ."

"పిలిస్తే ఎప్పుడో వచ్చీవోణ్ణి" అన్నారు.

"నాన్నా, ఇప్పుడా మాట ఎందుకు?" అంది భాగ్యరేఖ.

"ఎప్పుడనాలే మరి? కొడుకు ఇల్లు కొన్నాడని ఊరోళ్ళు చెప్తే విన్నాను. పాలు పొంగించడానికి పిలుస్తాడు, పిలుస్తాడనీసి పదిహేనేళ్ళు చూసేను. పిలవనేదు. పిలవని పేరంటానికి ఎలాగొచ్చీది? అడిగితే నా మర్యాద ఏం కావాలి?"

నేను గుమ్మం దాటి ఆయన పక్కకి వచ్చాను.

"మేమే పొంగించలేదు మావయ్యగారూ. అప్పు తీరలేదు కదా."

"అప్పుంటే ఏటి?"

"అప్పున్న ఇంట్లో పాలు పొంగించకూడదని మీరే అన్నారట కదండీ. భుజంగరావు గారి గృహప్రవేశంలో. ఆయన ఆ మాట మీదే ఉన్నారు."

ఆయన చేతికర్ర చప్పుడు చేసుకుంటూ లోపలికి వచ్చి కుర్చీలో కూర్చున్నారు.

"భుజంగం నా కాడ డబ్బు పుచ్చుకున్నాడమ్మా. తిరిగివ్వనేదు. ఇవ్వకుండా ఊరందరికీ బూరెలు పెట్టేడు. ఒళ్ళు మండిపోయి, ఆడికి తగలాలని అన్నాను. అదేటి వేదమా?" అన్నారు. "సుపేలాలో మన ఇల్లు నేను కట్టించింది దేంతో? అప్పుతోటే. పాలు పొంగిన రోజుకి మేస్త్రీక్కూడా బాకీ. ఆ ఇంట్లోనే కదమ్మా ఆడు చదువుకుని ఇంజినీరయ్యేడు."

భాగ్యరేఖ చేతికర్ర తీసి గోడకి ఆనించింది.

"ఆడు నన్నొక్కమాట అడగనేదు" అన్నారు మళ్ళీ, గోడతో.

కాబట్టి పాఠకులారా, బ్యాంకును ఒక్క మాటా అనకండి! చిన్న అక్షరాల్లోనైనా అది అన్నీ రాసే ఇచ్చింది. కళ్ళజోడు ఉన్నవాళ్ళెవరైనా చదువుకోవచ్చు. కానీ మన ఇళ్ళల్లో ఒకాయన విసుగులో ఒక మాట అంటాడు, ఇంకొకాయన దాన్ని శిలాశాసనం చేసుకుంటాడు. ఆ శాసనం గడువెంత, షరతులేమిటి, అది ఎవరికి వర్తిస్తుంది? ఇవేవీ ఎక్కడా రాసి ఉండవు. తెలుసుకోవాలంటే దుర్గ్ దాకా ఆటో ఎక్కాలి. ప్రాసెసింగ్ ఫీజు ఉండదు, పైగా టీ ఇస్తారు. ఆ దారి ఎవరు పోతారండీ? అడగటం నామోషీ. అడక్కుండా ఉండటం గౌరవం. ఆ గౌరవానికి వడ్డీ ఏ రేటున పడుతుందో రవిశంకర్ కంప్యూటరులో కూడా లేదు.

లోను తీసుకోండి. ఎన్నేళ్ళకిస్తే అన్నేళ్ళకి తీసుకోండి, మీ ఇష్టం. తాళంచెవి చేతికి వచ్చిన రోజే లోపల పక్క పరుచుకోండి.

పాల దగ్గర కాపలా కాయడం ఇప్పుడు మానేశాను. బడికి టైమవుతుంది. ఒక్కోసారి పొంగిపోతాయి. స్టవ్వు తుడుచుకుంటే సరిపోతుంది.

ఆ ఆదివారం అన్నం తిన్నాక మావగారు కాసేపు నడుం వాలుస్తానన్నారు. మా ఆయనా నేనూ ఉందామనుకున్న పడకగదిలో పక్క వేశాను. గంట తరవాత మంచినీళ్ళు తీసుకుని వెళ్ళేసరికి మెలకువగానే ఉన్నారు. కళ్ళు కిటికీ వైపు ఉన్నాయి.

"ఈ గదిలో గాలి బాగా వస్తందమ్మా" అన్నారు.

"అవునండీ" అన్నాను. "సాయంత్రం పూట ఇంకా బాగుంటుంది."